రెండూ ఒకటే అన్న మనిషి

ఇందులో ఏమీ లేదండీ, ఉత్త చుక్కలే, అని అతను అన్నప్పుడు ఆమెకు నవ్వొచ్చింది, ఎందుకంటే అతని భుజం మీదుగా తొంగి చూస్తున్న ఆమెకు ఆ పేజీలో, ఆకుపచ్చ చుక్కల నడుమ ఎర్ర చుక్కలతో రాసిన అంకె గడియారంలో అంకెంత స్పష్టంగా కనిపిస్తోంది, ఈ మనిషి పొద్దున్నే నర్సుతో పరాచికాలాడుతున్నాడు అనుకుంది. నర్సు మాత్రం నవ్వలేదు, పేజీ తిప్పింది. ఇందులో? ఇందులోనూ చుక్కలేనమ్మా, కాస్త పెద్దవి. నర్సు ఇంకో పేజీ తిప్పింది, ఇంకోటి తిప్పింది, చివరికి పుస్తకం మూసి, లోపలికి రండి, కంట్లో మందు వేసి డాక్టరుగారు వివరంగా చూస్తారు, ఓ గంట పడుతుంది అంది. అతను లేచి, పుస్తకం సరిగ్గా అచ్చవలేదన్నట్టు భుజాలెగరేసి, భార్య వైపు చూసి కన్నుగీటి, లోపలికి వెళ్ళిపోయాడు. లిఫ్టులు బాగుచేసే మనిషి, లిఫ్టు గొయ్యిలోకి దిగే ప్రతివాడికీ కంటి పరీక్ష కాగితం ఉండాలని వాళ్ళ కంపెనీ ఈ ఏడే కొత్త పద్ధతి పెట్టింది, లేకపోతే అతను ఈ ఆసుపత్రి మెట్టెక్కేవాడు కాదు. మెట్టు కూడా ఎక్కలేదు, లిఫ్టులోనే వచ్చాడు, వస్తూ గోడకు చెవి ఆనించి, ఇది జారే పట్టాలకు నూనె పెట్టి ఎన్నాళ్ళయిందో అని జాలిపడ్డాడు.

ఆమె కుర్చీలో కూలబడింది. ఇనప కడ్డీకి వరసగా బిగించిన కుర్చీలు, ఒకరు కూర్చుంటే అందరూ కదులుతారు, పక్కన ఒంటికన్నుకు కట్టు కట్టుకున్న పెద్దావిడ కదిలి, మీ ఆయనా అనడిగింది, అవునండీ అంది ఆమె. ఎదుటి గోడ మీద కంటి బొమ్మ, ఉల్లిపాయను నిలువుగా కోసినట్టు. ఎరుపు తెలియదన్నమాట ఇతనికి. తెలియకపోతే ఏం, లోకంలో బోలెడుమందికి తెలియదు, అదేమన్నా జబ్బా, అందుకేనా టమాటాలు కొనడానికి పంపిస్తే ప్రతి కాయనూ బొటనవేలితో నొక్కి నొక్కి కొట్టువాడి చేత చీవాట్లు తింటాడు, అందుకేనా తీగల రంగులను నమ్మకూడదు అంటూ మీటరు పెట్టి చూడనిదే ఏ తీగా ముట్టుకోడు, దాన్ని వాళ్ళ కంపెనీవాళ్ళు ఎంత జాగ్రత్తపరుడో అని మెచ్చుకుని కొత్తవాళ్ళకు పాఠంగా చెబుతారు. పాపం, అది జాగ్రత్త కాదు, వేరే దారిలేకే. ఆమెకు మళ్ళీ నవ్వొచ్చింది. ఆ నవ్వు సగంలోనే ఆగిపోయింది. పట్టిక. ఎరుపు పట్టిక పెట్టింది ఇతని మాట మీదే.

అంతే, కుర్చీలో నిటారుగా కూర్చుంది, కడ్డీ అంతా కదిలింది, పెద్దావిడ ఒంటికంటితో చూసింది. ఆమె పని బొమ్మలను చిన్నవి చేయడం. ఫోనుతో తీసిన ఫోటోను ఉన్నదున్నట్టు దాస్తే నాలుగు ఫోటోలకే ఫోను నిండిపోతుంది, అందుకని ప్రతి ఫోటోలోంచీ కొంత తీసి పారేయాలి, పారేసినట్టు చూసేవాడికి తెలియకూడదు, పారేసింది మళ్ళీ తిరిగి రాదు. ఆ పని చేసే ఫైళ్ళ మూటనే లైబ్రరీ అంటారు, ఫోన్లు చేసేవాళ్ళు దాన్ని తీసుకెళ్ళి తమ ఫోన్లలో పెట్టుకుంటారు, పెట్టుకున్న సంగతి కొనేవాడికి తెలియనే తెలియదు. ఇంట్లో కుళాయి తిప్పేవాడు గోడలో గొట్టాన్ని తలుచుకుంటాడా. ఆ మూటలో ఒక ఫైలు, ఆమె చేత్తో రాసిన ఫైలు, అందులో మూడు పట్టికలు, వెలుగు నీడలకొకటి, నీలానికొకటి, ఎరుపుకొకటి. పట్టికంటే అంకెలే. అంకె పెద్దదయ్యేకొద్దీ ఆ వాటాలోంచి ఎక్కువ పారేస్తారు, చిన్నదయితే ఎక్కువ ఉంచుతారు. ఎంత పారేయవచ్చు అన్నది లెక్కలతో తేలేది కాదు, మనుషుల కళ్ళతో తేలాలి. అసలు బొమ్మ ఒకటి, పిండి చిన్నది చేసిన బొమ్మ ఒకటి, పక్కపక్కన పెట్టి తేడా ఉందా అనడగాలి. లేదంటే అంకె పెంచాలి. మళ్ళీ అడగాలి. తేడా ఉందనేదాకా పెంచి, అక్కడ ఆగాలి.

ఆ రోజుల్లో ఆఫీసులో వాళ్ళ గదికి పెద్ద ఒకాయన ఉండేవాడు, వెనకాల అందరూ పిసినారి అనేవాళ్ళు, ముందూ అనేవాళ్ళు, ఆయన మురిసిపోయేవాడు. ఫైలులో ఒక్క అక్షరం వృథా అయినా సొంత ఆస్తి పోయినట్టు బాధపడే మనిషి. ఈ విద్య తెలిసినవాళ్ళు చూస్తే లేని తేడాలు కూడా చూస్తారు, బయటివాళ్ళను పట్టుకురండి అన్నాడు. పట్టుకొచ్చారు. ఊడ్చే ఆమె ప్రతి జతలోనూ తేడా ఉందనేది, ఉందంటే వీళ్ళు సంతోషిస్తారని. జమాఖర్చులు చూసే ఆయన అటు చూసి ఇటు చూసి మీకెలా కావాలో చెప్పండి అనేవాడు. ఇంకొకాయన పొద్దున తేడా ఉందన్న జతకే మధ్యాహ్నం తేడా లేదన్నాడు. తల పట్టుకుని కూర్చున్నారు. అప్పుడొచ్చాడు ఇతను, భుజాన పనిముట్ల సంచితో, లిఫ్టు మధ్యలో ఆగిపోయిందని ఫోను చేస్తే. లిఫ్టు బాగుచేసి చేతులు తుడుచుకుంటూ ఉండగా పిసినారి చెయ్యి పట్టుకుని లాక్కొచ్చి కూర్చోబెట్టాడు. ఈ రెండింటికీ తేడా ఉందా బాబూ. అతను తీరుబడిగా చూశాడు. రెండూ ఒకటే. వీటికి? రెండూ ఒకటే. వీటికి? అతను ముందుకు వంగి, అమ్మాయిగారూ, ఈ కుడిదాంట్లో మెట్ల కింద నీడ ఉంది చూడండి, అది నున్నగా లేదు, పలకలు పలకలుగా ఉంది అన్నాడు. ఆమె చూసింది, కనపడలేదు, తెర దగ్గరికి ముక్కు ఆనించి చూసింది, ఉంది. గదిలో అందరూ నోళ్ళు వెళ్ళబెట్టారు. మర్నాడు అవే జతలు వరస మార్చి చూపించారు, అవే జవాబులు, ఒక్కటీ పొల్లు పోలేదు. నక్కను తొక్కి వచ్చాం అన్నాడు పిసినారి. చూసేవాళ్ళకు రంగులు తెలుస్తాయో లేదో పరీక్షించే పుస్తకం ఒకటి కొనాలి సార్ అని ఎవరో అన్నారు, ఎవరో ఏమిటి, ఆమే అంది, పుస్తకం ఎందుకు దండగ, అడిగితే పోలా అన్నాడాయన. బాబూ, రంగులన్నీ కనిపిస్తాయా నీకు? కనిపిస్తాయండీ, కనిపించకపోవడమేమిటి అన్నాడు ఇతను. ఏం చేస్తాడు, పుట్టినప్పటినుంచీ చూస్తున్నవే రంగులనుకుంటాడు ఎవరైనా.

కుర్చీల ఎదురుగా ఒక ముసలాయన ఆకుపచ్చ గుడ్డ కంటికి అడ్డం కట్టుకుని గోడ పట్టుకుని నడుస్తున్నాడు, ఆయన మనవరాలు వెనక్కి నడుస్తూ దారి చూపిస్తోంది. ఆ పాప వేసుకున్నది ఎర్ర స్వెట్టరు. ఎర్ర స్వెట్టరు మీదే మొదటి ఫిర్యాదు వచ్చింది, ఎవరో తల్లి రాసింది, మా పాప స్వెట్టరు అంచు గోడలోకి కారిపోయినట్టు వస్తోంది ఫోటోలో అని. తెర లోపం అయ్యుంటుందని ఆమె జవాబు రాసి పంపింది. ఎంత హాయిగా రాసింది. తర్వాత పూలవాళ్ళు రాశారు, తర్వాత ఇంకెవరో, అన్నింటికీ తెర లోపమే. మొన్న ఒక చర్మ వైద్యుడు రాశాడు, రోగులు ఫోనులో తీసి పంపే ఫోటోల్లో దద్దుర్ల ఎరుపు చాలా తక్కువగా కనిపిస్తోంది, మీ లైబ్రరీ ఉన్న ఫోన్లలోనే ఇలా వస్తోంది అని. ఆ ఉత్తరాన్ని తోసిపారేయలేకపోయింది, జవాబూ రాయలేదు, నెత్తి మీద బరువులా ఉండిపోయింది. ఇప్పుడు దొరికింది కారణం, ఇక్కడ, ఈ కదిలే కుర్చీలో. నీలం జతల్లో ఇతను అందరిలాగే ఒక చోట తేడా ఉందన్నాడు, అక్కడ ఆగారు. ఎరుపు జతల్లో ఎంత పెంచినా రెండూ ఒకటే, ఇంకా పెంచారు, రెండూ ఒకటే, పిసినారి కుర్చీలోంచి లేచి పచార్లు చేశాడు, ఎరుపులో ఇంత దండగ ఉందా, ఇన్నాళ్ళూ లోకం ఎంత మోసిందో చూడండి అని. ఊడ్చే ఆమె వెనకనుంచి, అయ్యో ఆ పువ్వు పాడైపోయిందండీ అంది, ఆమె అన్నింటికీ అంటుందిలే అని ఎవరూ చెవిన పెట్టలేదు. ఆ ఎరుపు వల్లే వాళ్ళ ఫైళ్ళు అందరి ఫైళ్ళకంటే చిన్నవయ్యాయి, చిన్నవైనందుకే ఫోన్లవాళ్ళు ఎగబడి తీసుకున్నారు. ఆ సంబరంలోనే పిసినారి ఆ ఫైలు నెత్తిన ఒక వరస రాయించాడు, ఈ పట్టికలు మన లిఫ్టుగారి కళ్ళతో పెట్టినవి అని, అక్షరం వృథా చేయని మనిషి, అంత పొడుగు వరస.

మార్చాలి. అందులో రెండో మాట లేదు, దద్దుర్లు తెలియకపోతే ఎలా, రేపు కూర్చుని మార్చేస్తుంది, చుక్కల పుస్తకం చదవగలిగినవాళ్ళను కూర్చోబెట్టి మళ్ళీ చూపిస్తుంది, ఫైళ్ళు కాస్త లావెక్కుతాయి, ఎక్కనీ. కంగారు దాని గురించి కాదు. ఆ మనిషికి చెప్పాలా అన్నదే. లిఫ్టులు బాగుచేసేవాణ్ణి చేసుకుంటావా అని ఆమె వాళ్ళమ్మ అన్న రోజునుంచీ అతనికి ఫైలు నెత్తిన ఉన్న ఆ వరసే కొండంత అండ. బావమరిది ఇంట్లో భోజనాలకు కూర్చున్నప్పుడు, ఎవరో ఒకరు ఫోటో తీయగానే, అతను నీళ్ళు తాగి గ్లాసు పక్కన పెట్టి, ఆ ఫోనులో ఉన్నది ఎవరి కళ్ళనుకున్నారు అని మొదలుపెడతాడు. రాసింది మీ చెల్లెలు, చూసింది నేను. బావమరిది ఆ కథ వెయ్యిసార్లు విన్నాడు, మీరు చూడకపోతే మా చెల్లెలు ఏం రాసేది బావగారూ అని ఎత్తి పొడుస్తాడు, ఇతను దాన్ని మెప్పుగానే తీసుకుని ఇంకో ముద్ద కలుపుతాడు. కూతురు ఆ వరసను పెద్ద అక్షరాలతో అచ్చువేయించి ముందుగదిలో తగిలించింది, ఇంటికొచ్చిన ప్రతివాణ్ణీ దాని ముందు నిలబెడతాడు. అందరి మధ్యా అంత మామూలుగా ఉండే మనిషి ఆ కాసేపే ఛాతీ విరుచుకుంటాడు. తప్పట, నీ కళ్ళ వల్లే తప్పట, అని ఏ నోటితో చెప్పడం.

చెప్పకపోతే ఏమవుతుంది. ఈ ఆలోచన రాగానే ఆమె వెనక్కి వాలింది, కడ్డీ మెల్లిగా కదిలింది. ఏమీ కాదు. అతను ఆ ఫైలులో నెత్తి మీద వరస తప్ప ఇంకేమీ చదవడు, అంకెలు చూస్తే ఆవలిస్తాడు. ఆమె నిశ్శబ్దంగా ఎరుపు అంకెలు మార్చి, పై వరసను ముట్టుకోకుండా వదిలేసి, మార్పు గురించి ఎరుపు పట్టిక సవరించాం అని రెండు ముక్కలు రాస్తే పని అయిపోతుంది. పాత బొమ్మనూ కొత్త బొమ్మనూ పక్కపక్కన పెట్టి అతని ముందు నిలబెట్టినా రెండూ ఒకటే అంటాడు. ఇంతకంటే భద్రమైన రహస్యం లోకంలో ఉంటుందా. ఆమెకు హాయిగా అనిపించింది, దాహం కూడా వేసింది, లేచి మూల ఉన్న పీపాలోంచి నీళ్ళు పట్టుకు తాగింది, వచ్చి కూర్చుంటే పెద్దావిడ, ఏం ఫర్వాలేదమ్మా మందు వేస్తే కాసేపు మసగ్గా ఉంటుందంతే అని ధైర్యం చెప్పింది. సరేనండీ అంది.

పెళ్ళికి ముందు అతనికి చూపించాలని ఒక ఎర్ర కోటు కొనుక్కుంది. రెండు నెలల జీతం దాచి కొన్న కోటు, వీధిలో అందరూ తల తిప్పి చూశారు, ఇతను మాత్రం చలిగా ఉందా అనడిగాడు. ఆ మాటకు ఆమె ఎన్నాళ్ళు సాధించిందో. ఏది కట్టుకున్నా ఏది మార్చినా కళ్ళుండీ చూడవు, గోడలకు రంగు వేయిస్తే గోడ తడిగా ఉందేమిటి అంటావు, నేనంటే నీకు పట్టదు అని, విసుగొచ్చిన ప్రతిసారీ ఆ కోటుతో మొదలుపెట్టి ఏకరువు పెట్టేది, అతను సంజాయిషీ చెప్పుకోలేక బుర్ర గోక్కునేవాడు. పట్టకపోవడం కాదన్నమాట. ఇన్నేళ్ళ కోపం చేతిలోంచి జారిపోతుంటే ఆమెకు ఏం చేయాలో తోచలేదు, పిలిచి క్షమించు అనాలనిపించింది, అంతకంటే ఎక్కువ నవ్వొచ్చింది, పాపం, ఆ కోటు అతనికి బురద రంగులో కనిపించి ఉంటుంది, బురద కోటు వేసుకుని ఈ పిల్ల ఇలా మెరిసిపోతోందేమిటి అనుకుని ఉంటాడు. కానీ అతను చూసేది వేరే ఉంది. ఆమె ఆఫీసునుంచి వచ్చి గుమ్మంలో చెప్పులు విప్పేలోపే, తలనొప్పిగా ఉందా అంటాడు. ఎలా తెలిసిందంటే, కళ్ళ కింద నీడ దిగింది అంటాడు. కూతురికి జ్వరం రాబోతోందని ఒంటి మీద చెయ్యి వేయకముందే అంటాడు, మొహంలో వెలుతురు తగ్గిందట. వాళ్ళందరూ రంగులు చూస్తూ కూర్చుంటే ఆ మనిషి వెలుగునూ నీడనూ చూశాడు, మెట్ల కింద పలకలు చూశాడు, ఆ నీడల పట్టికకు ఇన్నేళ్ళలో ఒక్క ఫిర్యాదు లేదు, దాన్ని ముట్టుకోవాల్సిన పని ఎప్పటికీ రాదు. ఆమె కడుపు నిండినట్టయింది. ఎంత మంచి మనిషి దొరికాడు తనకు, మధ్యలో ఆగిపోయిన లిఫ్టు పుణ్యమా అని.

సరే, ఇక చెప్పనక్కర్లేదు, అనుకుంది, అనుకుంటూనే రాబోయే భోజనాలు కళ్ళముందుకు వచ్చాయి. అతను నీళ్ళు తాగి గ్లాసు పక్కన పెడతాడు. ఆ ఫోనులో ఉన్నది ఎవరి కళ్ళనుకున్నారు అంటాడు. ఆమె పక్కనే కూర్చుని ఉంటుంది. ఇన్నాళ్ళూ ఆ చోట ఆమె తలూపేది, నిజం కనుక, ఊపడంలో గర్వం ఉండేది. ఇకనుంచీ కూడా ఊపాలి. కథ ముగిసేదాకా నవ్వుమొహం పెట్టి, వడ్డిస్తూ, ఊపుతూ ఉండాలి, అతనొక్కడికే సంగతి తెలియకుండా. అతను చూడలేడు కాబట్టి అతని ఎదుటే ఆడే నాటకం. ముసలాయనకు దారి చూపిస్తున్న పాప ఒక్కసారి ఆగి, తాతా గోడ అయిపోయింది, ఇప్పుడు నా చెయ్యి పట్టుకో అంది.  

తలుపు తెరుచుకుంది. అట్టముక్కతో చేసిన నల్ల కళ్ళద్దాలు పెట్టుకుని, ఒక చెయ్యి ముందుకు చాపి, దొంగాటలో పిల్లాడిలా వస్తున్నాడు, మొహమంతా నవ్వు.

"విన్నావా, నాకు ఎరుపూ ఆకుపచ్చా తేడా తెలీదట. పుట్టుకతోనే అలా ఉందట. నలభై దాటాక తెలిసింది చూడు."

"మరి ఉద్యోగం?"

"దానికేం ఢోకా లేదు. తీగలు మీటరుతో చూసే అలవాటుందని చెప్తే డాక్టరు మెచ్చుకున్నాడు, అదే రాసి సంతకం పెట్టాడు." అతను తడుముకుంటూ కూర్చున్నాడు. "ఆ కోటు ఎర్రదా అసలు? నిజం చెప్పు."

"ఎర్రదే. నిప్పులాంటి ఎరుపు."

"అయ్యో," అన్నాడు అతను, నిజంగానే నొచ్చుకుని.

కడ్డీ కదిలింది, పెద్దావిడను లోపలికి పిలిచారు. ఇప్పుడు చెప్పకపోతే ఇంటికెళ్ళాక చెప్పదు, ఇంటికెళ్ళాక చెప్పకపోతే ఇక ఎప్పటికీ చెప్పదు, ఆమెకు తన సంగతి తెలుసు.

"ఎరుపు పట్టిక తప్పు," అంది. "నువ్వు ఒకటే అన్నకొద్దీ పెంచుకుంటూ పోయాం. నీకు కనపడలేదని తెలియలేదు. ఫోటోల్లో ఎరుపు పోతోంది. మార్చాలి."

 నల్ల అద్దాల వెనక ఏముందో ఆమెకు కనిపించలేదు, నవ్వు మాత్రం మెల్లిగా మొహంలోంచి దిగిపోవడం కనిపించింది. "అన్ని ఫోన్లలోనూ అలాగేనా?" అన్నాడు.

"మా లైబ్రరీ ఉన్న అన్నిట్లోనూ."

"మరి నీడలు?"

"నీడల పట్టిక నీదే. దాన్ని ఎవరూ ముట్టుకోరు."

అతను తలూపాడు, సంచి లేకపోయినా అలవాటుగా భుజం సర్దుకున్నాడు. "నువ్వు మార్చేసి ఊరుకుంటే నాకు తెలిసేది కాదు కదా."

"తెలిసేది కాదు."

"రెండు బొమ్మలూ పక్కపక్కన పెట్టినా?"

"పెట్టినా."

"మరెందుకు చెప్పావు?"

"తెలిసేది కాదు కనుకే," అంది ఆమె.

 అతను లేచి చెయ్యి చాపి గాలిలో వెతుక్కున్నాడు, దొరికిన ఆమె భుజాన్ని పట్టుకుని బరువంతా దాని మీద వేశాడు. లిఫ్టు వద్దులే, మెట్ల మీదే పోదాం అన్నాడు. మెట్ల దగ్గరికొచ్చాక, అంచులు మసగ్గా ఉన్నాయి, మెల్లిగా దింపు అన్నాడు. ఆమె ఒక్కో మెట్టూ చెబుతూ దింపింది.